గరాటు కింద వేలు

కోళ్ళకు గింజలు చల్లి వంటింట్లోకి తిరిగొచ్చిన ఎల్వెర్టా హెఫ్నర్ చేతులు కడుక్కుని, పిండి గిన్నె మీది గుడ్డ తీసింది. గరిటెతో పిండి ఎత్తి వదిలింది. సన్నగా ధారలా జారాల్సిన పిండి గరిటె అంచున కాసేపు వేలాడి, ముద్దగా పడింది.

తాను కలిపిపెట్టి వెళ్ళిన పిండి ఇలా లేదు. ఇల్లంతా కలిపి ముగ్గురు మనుషులు. కొడుకు లామార్‌కు మైదా డబ్బా ఏ అరలో ఉంటుందో నేటికీ తెలియదు. ఇక మిగిలింది కోడలు కొలీన్. ఎల్వెర్టా గిన్నె మీద గుడ్డ మళ్ళీ కప్పేసి, ఏమీ ఎరగనట్టు పొయ్యి వెలిగించింది. దొంగను పట్టుకోవాలంటే ముందు దొంగకు ధైర్యం రానివ్వాలని ఆమె లెక్క.

బెర్క్స్ కౌంటీలో ఏనాడో వలసవచ్చి స్థిరపడ్డ డచ్చివాళ్ళ ఇళ్ళల్లో గరాటు కేకు వేయడం రాని ఇల్లాలు ఉండదు. కానీ వేసవి సంతలో, లూథరన్ చర్చి ఆడవాళ్ళు పెట్టే దుకాణంలో, మూకుడు ముందు నిలబడే హక్కు ఒక్కరిదే. మొదట ఎల్వెర్టా అత్తగారిది, ఆవిడ పోయాక ఎల్వెర్టాది. పక్క దుకాణాల వాళ్ళు ప్లాస్టిక్ సీసాల్లోంచి పిండి పిండుతుంటే ఆమె అటు చూసేది కూడా కాదు. ఆమెది పాత పద్ధతి. గరాటు మూతికి కింద నుంచి చూపుడువేలు అడ్డం పెట్టి పిండి నింపాలి. కాగే నూనె మీదికి తెచ్చి వేలు తీయాలి. జిలేబీ చుట్టినట్టు చుట్టలు తిప్పి, ఇక చాలనుకున్న క్షణాన వేలు మళ్ళీ మూయాలి. పనితనమంతా ఆ వేలులోనే ఉంది. భర్త పోయాక ఊళ్ళో ఆమెను అందరూ గుర్తుపెట్టుకున్నది కూడా ఆ మూకుడు వల్లనే.

అలాంటి మూకుడికే కోడలు ఎసరు పెడుతోందని ఎల్వెర్టాకు వసంతం నుంచీ అనుమానం. కొలీన్ కొండకు అవతలి బొగ్గు గనుల ఊరి పిల్ల. పెళ్ళయి వచ్చిన కొత్తలో గరాటు ఏ చేత్తో పట్టుకోవాలో కూడా తెలియదు. ఇప్పుడేమో పొద్దస్తమానం అత్తగారి చేతి వంకే చూస్తూ కూర్చుంటుంది. "అమ్మా" అని ఎంత మెత్తగా పిలుస్తుందో! అంత మెత్తదనం ఎల్వెర్టాకు గిట్టదు. మనసులో ఏమీ లేనివాళ్ళు గట్టిగానే మాట్లాడతారు కదా.

పైగా పిండి ఒక్కటే కాదు. తన చొక్కా బొత్తాలు ఈ మధ్య కాజాల్లో పట్టకుండా జారిపోతున్నాయి. కోడలు ఉతికేటప్పుడు ఏం కలుపుతోందో ఏమో. కాఫీ కప్పులు చేతిలోంచి జారి రెండు పగిలాయి. కోడలు సబ్బు పోయేలా కడగదు మరి. ఇవన్నీ ఒక ఎత్తు, చర్చి దుకాణం పెత్తనమంతా చూసే లువెల్లా మోయర్‌తో ఫోనులో గుసగుసలు ఒక ఎత్తు. మొన్న ఎల్వెర్టా గదిలోకి రాగానే కొలీన్ "సరే, తర్వాత మాట్లాడతాను" అని ఫోను పెట్టేసింది.

ఆ పూట ఫలహారం దగ్గర ఆమె కొడుకును కదిపింది. కొలీన్ పెరట్లో బట్టలు ఆరేస్తోంది.

"నీ పెళ్ళాం నా పిండిలో వేలు పెడుతోందిరా."

లామార్ నవ్వి, కేకు మీద పొడి చక్కెర ఇంకాస్త చల్లుకున్నాడు. "పిండి చిక్కబడితే పాలు పొయ్యమ్మా. దానికింత కథెందుకు?"

"చిక్కటి పిండితో వేస్తే కేకు దిమ్మలా వస్తుంది. జనం ఏమంటారు? ముసలిదైపోయింది, పక్కకు తప్పుకోమంటారు. అప్పుడు మూకుడు ఎవరి చేతికి వస్తుందో నీకు చెప్పాలా?"

"కొలీన్ అలాంటిది కాదమ్మా."

"అలాంటివాళ్ళెవరూ అలాంటివాళ్ళలా కనబడరు" అని ఆమె గిన్నె తీసుకుని లేచింది. కిటికీలోంచి చూస్తే కోడలు అత్తగారి చొక్కానే తీగ మీద ఆరేస్తూ, బొత్తాలు ఒక్కొక్కటే పట్టి చూస్తోంది. చూశావా, బొత్తాలు కూడా వదలడం లేదు, అనుకుంది ఎల్వెర్టా.

సంత రోజున ఆమె తన పథకం తాను వేసుకుంది. అందరికంటే ముందు లేచి, తన చేత్తో పిండి పల్చగా కలిపి, మూతున్న పాలక్యానులో పోసి, ట్రక్కులో తన కాళ్ళ మధ్య పెట్టుకుని కూర్చుంది. కొలీన్ దాన్ని చూసింది. దారి పొడవునా అత్తాకోడళ్ళు మొక్కజొన్న చేలనే చూస్తూ కూర్చున్నారు.

దుకాణంలో లువెల్లా అప్పటికే బల్ల తుడుస్తోంది. లామార్ గ్యాసు బిగించి, నూనె పోసిన మూకుడు ఎక్కించి, గొడ్లపాక వైపు వెళ్ళిపోయాడు. కొలీన్ మెల్లిగా మైదా సంచి దగ్గరికి జరిగి, క్యాను మూత మీద చెయ్యి వేసింది. ఎల్వెర్టా ఆ క్షణం కోసమే కాచుకుని ఉంది.

"చెయ్యి తియ్యి" అంది. "లువెల్లా, నువ్వే సాక్షివి. నా పిండిలో మైదా కలుపుతున్నది నువ్వేనా, కాదా? చెప్పు కొలీన్."

కోడలు కాదంటుందని, ఏడుస్తుందని ఆమె అనుకుంది. కొలీన్ మాత్రం చెయ్యి తీసి, "నేనేనమ్మా" అంది.

"ఎందుకు?"

కొలీన్ లువెల్లా వైపు చూసింది. లువెల్లా బల్ల తుడవడం ఆపేసింది గానీ తల ఎత్తలేదు. ఇద్దరూ కలిసే ఆడుతున్నారన్నమాట. ఎల్వెర్టాకు ఒళ్ళు మండిపోయింది. తన ఇంట్లో, తన చర్చిలో, తన కళ్ళ ముందే పొగ పెడుతున్నారు.

"సరే. గరాటు కేకు ఎలా వెయ్యాలో ఇద్దరూ చూసి నేర్చుకోండి" అని గరాటు అందుకుంది.

వేలు అడ్డం పెట్టి పల్చటి పిండి నింపింది. మూకుడి వైపు తిరిగేలోగానే పిండి బల్ల మీద గీత గీసింది. వేలు గట్టిగా నొక్కానని అనుకుంది. అయినా కారుతూనే ఉంది. పొయ్యి అంచున చుక్కలు పడి మాడు వాసన లేచింది. నూనె మీద చుట్టలు తిప్పి వేలు మూసింది, మూశాననుకుంది. ధార ఆగలేదు. కేకు నడుమ పిండి కుప్పగా పడి, నూనె పొంగి అంచుదాకా వచ్చింది. ఇంకాస్త దగ్గరికి వంగి మళ్ళీ నొక్కింది.

"అమ్మా!" కొలీన్ ఒక్క ఉదుటున ఆమె మణికట్టు పట్టుకుని వెనక్కి లాగింది. గరాటు కిందపడింది.

ఎల్వెర్టా తన వేలు చూసుకుంది. కొస ఎర్రగా కమిలి, చర్మం బొబ్బెక్కుతోంది. నూనె అంటుకున్నదని కన్ను చెబుతోంది గానీ వేలు చెప్పడం లేదు. నొప్పి లేదు. మంట లేదు. ఆ వేలు వేరెవరిదో అయినట్టుంది.

బొత్తాలూ, కప్పులూ ఒక్కసారిగా అర్థమయ్యాయి. ఆమె వెనకనున్న పెట్టె మీద కూలబడింది. కొలీన్ ఆమె చేతిని చన్నీళ్ళ బకెట్‌లో ముంచి పట్టుకుంది. లువెల్లా పొయ్యి తగ్గించింది.

"నీకెప్పటినుంచి తెలుసు?" అనడిగింది ఎల్వెర్టా.

"ఈస్టరు నాటి నుంచి. కాలుతున్న పెనం అంచు మీద వేలు పెట్టి మాట్లాడుతూనే ఉన్నారు. తియ్యలేదు." కొలీన్ ఆ చెయ్యి వదలకుండానే చెప్పింది. "పిండి చిక్కగా ఉంటే మీ వేలు సరిగ్గా మూయకపోయినా కారదమ్మా. అందుకే కలిపాను."

"చెప్పొచ్చుగా."

"డాక్టరు దగ్గరికి వెళ్దామని ఎన్నిసార్లు అన్నాను? నాకేం రోగమని కసిరారు. అసలు సంగతి చెబితే మీరు ఇక మూకుడు దగ్గరికే రారు. మామగారు పోయినప్పుడు మీరు గదిలోంచి బయటికి రాని రోజులు నేను చూశాను. అవి మళ్ళీ చూడలేను."

అప్పుడు లువెల్లా నోరు విప్పింది. ఈ ఏడు పొయ్యి దగ్గర ఇంకొకరిని పెడదామని తానే అన్నదట. వద్దని, తాను పక్కనే ఉండి చూసుకుంటానని కొలీన్ ఫోనులో బతిమాలుకుందట.

ఎల్వెర్టా బకెట్‌లోని చేతులు చూస్తూ కూర్చుంది. ఇన్నాళ్ళూ ఈ పిల్ల తన చేతి వంక చూస్తుంటే లాక్కోవడానికే అనుకుంది. కళ్ళు నిండిపోయాయి. తుడుచుకుందామంటే ఒక చెయ్యి కోడలి చేతిలో ఉంది, రెండో చేతికి పిండి అంటి ఉంది. అలాగే వదిలేసింది.

"నిన్ను చాలా మాటలన్నాను" అంది.

"ఇందాకటి మాట తప్ప నా ముందు ఏమీ అనలేదుగా అమ్మా."

"మనసులో అనుకున్నవి నీకు తెలియవులే. తెలియకపోవడమే మంచిది."

కొలీన్ ఏడుస్తూనే నవ్వింది. వేలికి తడిగుడ్డ చుట్టింది. రేపే డాక్టరు దగ్గరికి వెళ్దామంటే ఎల్వెర్టా ఈసారి కసరలేదు. బల్ల ముందు అప్పటికే జనం చేరుతున్నారు. ఎవరో ముసలాయన, హెఫ్నరమ్మ లేదా ఇవాళ, అని అడుగుతున్నాడు.

ఎల్వెర్టా లేచి నిలబడింది. "ఉన్నాను. వేలే లేదు" అని అందరికీ వినబడేలా చెప్పింది. అంతకాలం దేనికి భయపడిందో ఆ మాట నోటివెంట వచ్చేసరికి ఒళ్ళు తేలికైంది. గరాటు కడిగి ఎడమచేత్తో పిడి పట్టుకుంది. కొలీన్ అలవాటుగా మైదా సంచి వైపు చెయ్యి చాపింది.

"ఇక మైదా ఎందుకే? ఇలా వచ్చి గరాటు కింద నీ వేలు పెట్టు" అంది ఎల్వెర్టా. "తిప్పేది నేను. ఎప్పుడు వదలాలో, ఎప్పుడు మూయాలో చెబుతాను."

కొలీన్ పక్కకు వచ్చి, తన వేలు గరాటు మూతికి ఆనించింది. ఒక్క చుక్క కారలేదు.