తలుపవతల ‘నేనే’

పొద్దున్నే పొయ్యి మీద పాలు పెట్టి గిన్నెలు సర్దుతున్న తల్లికి కూతురి గదిలోంచి మగగొంతు వినబడింది.

“నేనే. తలుపు తియ్యి.”

పాలు పొంగి పొయ్యంతా పారినా ఆమె కదల్లేకపోయింది.

ఆ ఇంట్లో ‘నేనే’ అన్నది ఎవరూ అనకూడని మాట. తలుపు తట్టినవాళ్ళు ‘మీ ఆయన్ని’, ‘అమ్మాయిని’ అని వరస చెప్పాల్సిందే. “మనింటికి దొంగొచ్చినా చుట్టరికం కలుపుకోవాలి” అని తండ్రి నవ్వేవాడు. తల్లి ఏనాడూ నవ్వలేదు. ఆమె పెళ్ళికి ముందు ఒక మధ్యాహ్నం, ఇంట్లో చెల్లెలు ఒంటరిగా ఉండగా, పక్కవాటాలో అద్దెకున్నవాడు తలుపు తట్టి ‘నేనే’ అన్నాడు. తెలిసిన గొంతే కదా అని ఆ పిల్ల తీసింది. తీసినందుకు ప్రాణం పోయింది. ఏమని పిలిస్తే తీసిందో వాడే కోర్టులో చెప్పాడు. ఈమధ్యే వాడు జైలు నుంచి విడుదలయ్యాడు.

తల్లి కత్తిపీట పక్కనున్న రోకలి అందుకుని గది తలుపు తోసింది. లోపల కూతురే ఉంది, మగమనిషి లేడు. గది మధ్యలో ఒక పాత తలుపు నిలబెట్టి ఉంది. దాని మీద బొగ్గుతో గీసిన ఆడపిల్ల నీడ, గొళ్ళెం మీద మట్టితో చేసిన చెయ్యి, వెనక స్పీకరు. నేరాలకు బలైనవాళ్ళ గురించి బొమ్మలు గీయడం, శిల్పాలు చేయడం, గొంతులు రికార్డు చేయడం, వాటిని ప్రదర్శనకు పెట్టడం కూతురి పని. ఇన్నాళ్ళూ అవి ఊళ్ళోవాళ్ళ కథలు, ఇది మాత్రం చెల్లెలిది.

“ఎవడిదే ఆ గొంతు?”

“నాన్నదమ్మా. గుర్తుపట్టలేదా?”

ఎలా గుర్తుపడుతుంది? ఆయన నోట ఆ మాట ఆమె ఒక్కసారీ వినలేదు.

“చచ్చినదాన్ని పదిమందిలో నిలబెట్టి మళ్ళీ చంపుతావా? వాడు బయటే తిరుగుతున్నాడు. ఇది చూసి నేరుగా నీ గుమ్మంలోకొస్తే? నిన్ను కూడా పోగొట్టుకుని నేను బతకలేను.”

“ఇందులో వాడి గొంతు లేదు, మొహం లేదు. అన్నీ మనవాళ్ళ గొంతులే. వాడు లాక్కుపోయిన మాట మనకి తిరిగి రావాలని చేస్తున్నా.”

“పెద్ద కబుర్లు చెప్పకు.”

“సరే, చిన్నదే చెప్తా. బళ్ళోంచి వానలో తడిసొచ్చి ఓసారి మర్చిపోయి ‘నేనే’ అన్నాను. ఎంత ఏడ్చినా నువ్వు తీయలేదు. నాన్నొచ్చేదాకా మెట్ల మీదే కూర్చున్నా.”

తల్లి రోకలి కింద పెట్టింది. “నీ గొంతని తెలుసు. గొళ్ళెం పట్టుకునే ఉన్నా. చెయ్యి ఆడలేదే.”

కూతురు స్పీకరు తీగ పీకేసింది. “నువ్వు వద్దంటే ఆపేస్తానమ్మా” అని వీధిలోకి వెళ్ళిపోయింది. తల్లి అలవాటు కొద్దీ వెనకాలే గడియ వేసింది.

అంతలోనే ఎవరో తట్టారు.

“ఎవరు?”

మళ్ళీ తట్టారు.

“ఎవరూ?”

“నేనే.”

కూతురి గొంతే. అయినా వాన, మెట్ల మీద తడిసిన పిల్ల, అంతకుముందు ఇంకో పిల్ల, అన్నీ ఒక్కసారిగా తల్లి మీదికొచ్చాయి. వణికే చేతిని రెండో చేత్తో పట్టుకుని గడియ లాగింది.

గుమ్మంలో కూతురు తల్లికంటే ఎక్కువ వణుకుతూ ఉంది.

“మళ్ళీ తీయవేమోనని భయమేసిందమ్మా.”

తల్లి ఆమెను గుండెకు హత్తుకుని భోరుమంది. చాలాసేపటిదాకా ఇద్దరికీ తలుపు వేయాలన్న సంగతే గుర్తు రాలేదు.