చివరిదాకా చూసినవాళ్ళు

సినిమా క్లైమాక్స్ ముందే చెప్పేసినందుకు శుక్రవారం పొద్దున్నే ఆ ఇంట్లో గొడవ మొదలైంది.

చెప్పింది మహబూబ్. టీలో బన్ను ముంచుకుంటూ, ఎవరూ అడక్కుండానే, చివర్లో ఆ భార్య మొగుణ్ణి ఇంట్లోంచి పంపించేస్తుందని అనేశాడు. ఆ మాట ఆయన కూతురు అర్షియా చెవిన పడింది. గుడివాడలో ఉండే స్నేహితురాలు హెప్సిబాతో కలిసి మర్నాడు అదే సినిమాకి వెళ్తానని అర్షియా రెండ్రోజులుగా తల్లిని బతిమాలుకుంటోంది.

"చూడబోయేవాళ్ళకి చివర చెప్పేస్తే ఇంక ఏం మిగుల్తుంది అబ్బా?" అని తండ్రిని నిలదీసింది.

"రక్తం మిగుల్తుంది. బోలెడంత," అన్నాడాయన.

తల్లి సాబిరాకి ఇది కలిసొచ్చింది. కథ ఎలాగూ తెలిసిపోయింది కాబట్టి గుడివాడ ప్రయాణం మానుకోమంది. ఆదివారం గూడూరు నుంచి పెళ్ళిచూపులకి వస్తున్నారు. ముందురోజు పిల్ల ఎండలో బస్సులెక్కి తిరిగితే ముఖం ఏమవుతుందని ఆవిడ బాధ. బందరులో థియేటర్లు లేనట్టు గుడివాడే ఎందుకెళ్ళాలో కూడా ఆవిడకి అర్థం కాలేదు. అర్షియా ఆ ప్రశ్న విననట్టు ఊరుకుంది.

మహబూబ్ సినిమాలు కథ కోసం చూడడు. ఆయనది రోల్డ్‌గోల్డ్ నగల పని. కొత్త సినిమాలో హీరోయిన్ ఏం పెట్టుకుంటే వారం తిరక్కుండా షాపుల్లో ఆడవాళ్ళు అదే అడుగుతారు. అందుకని గురువారం గురువారం గుడివాడ షాపులకి మోడల్స్ చూపించడానికి వెళ్ళినప్పుడు మ్యాట్నీ చూసి, చీకట్లోనే టికెట్టు వెనక కమ్మ బొమ్మో గాజు బొమ్మో గీసుకుని వస్తాడు. ఇంటిల్లిపాదీ ఆ బొమ్మ కోసం ఎదురుచూస్తారు.

ఈసారి బొమ్మ లేదు.

హీరోయిన్ మెడలో ఏముందని అర్షియా అడిగితే, నల్లపూసల గొలుసు, దానికి మూత ఉన్న చిన్న లాకెట్ అన్నాడు. లాకెట్ లోపల ఏముందంటే, కనబడలేదన్నాడు. మహబూబ్‌కి లాకెట్ కనబడకపోవడం ఆ ఇంట్లో ఎప్పుడూ జరగలేదు. కానీ అర్షియా కోపం వేరేచోట ఉంది.

"అయినా ఆమె ఎందుకు పంపించేస్తుంది?"

"దాచాడు కదమ్మా. ఊళ్ళో బుద్ధిగా బట్టలు కుట్టుకునే దర్జీ అనుకుని పిల్లనిచ్చారు. వాడేమో ఒకప్పుడు అదే కత్తెరతో మనుషుల్ని చంపినవాడు. పెళ్ళికి ముందు చెప్పొద్దూ?"

"చెప్పలేదని మీకెలా తెలుసు? ఆమెకి చెప్పే ఉంటాడు. వాళ్ళ నాన్నకి చెప్పడానికి ఆమెకే నోరు రాలేదేమో."

మహబూబ్ చేతిలోని బన్ను టీలో విరిగిపడింది. ఆయన దాన్ని తియ్యలేదు. కూతురి వైపు చూసి, "సినిమాలో అలా లేదమ్మా," అన్నాడు నెమ్మదిగా.

అర్షియా రాళ్ళ డబ్బా తీసుకుని డాబా మీదికి వెళ్ళిపోయింది.

డాబా మీద రేకుల నీడలో కూర్చుని కమ్మలకి తెల్లరాళ్ళు అతికించడం ఆమె పని. డిగ్రీ అయ్యాక తండ్రి దగ్గరే నేర్చుకుంది. శుక్రవారాలు మాత్రం పని తక్కువ సాగుతుంది. ఆ రోజు ఫోన్‌ని రాళ్ళ డబ్బాకి ఆనించి, గుడివాడ కుర్రాళ్ళు పెట్టే 'పబ్లిక్ టాక్' వీడియో చూస్తుంది. సినిమా నుంచి బయటికొచ్చేవాళ్ళ ముందు మైకు పెట్టి ఎలా ఉందని అడిగే వీడియో. మైకు పట్టుకున్నవాడు అందులో కనబడడు. మణికట్టు దాకా చెయ్యి, నీలం రంగు స్పాంజి తొడిగిన మైకు, వెనక నుంచి గొంతు. అంతే.

ఆ గొంతు జాహిద్‌ది.

మొదటిసారి ఆ మైకు ఆమె ముఖం ముందుకొచ్చింది బందరులోనే. మ్యాట్నీ వదిలేసరికి వాన. అందరూ పోస్టర్ల కింద సన్నటి చూరు పట్టుకుని నిలబడ్డారు. బురఖా అంచు తడవకుండా పట్టుకుని అర్షియా ఆటో కోసం చూస్తోంది.

"సినిమా ఎలా ఉంది మేడమ్?"

"పాటలో ఎడమ చెవికి ఉన్న బుట్టకమ్మ ఫైట్లో లేదు. ఇంటికెళ్ళాక మళ్ళీ ఉంది."

"ఫైట్లో పడిపోయి ఉంటుంది మేడమ్."

"పడితే వెతుక్కోవాలి కదా. ఏ ఆడదైనా కమ్మ పోతే అలా డ్యూయెట్ పాడుకుంటుందా?"

అతను నవ్వాడు. మైకు ఊగింది. కథ సంగతేమిటని అడిగితే, మీరు చూడలేదా అందామె.

"నేనెప్పుడూ గేటు బయటే ఉంటానండీ. సినిమాలన్నీ బయటికొచ్చేవాళ్ళ మొహాల్లోనే చూస్తాను."

"మరి ఇది ఎలా ఉంది?"

వాన నీళ్ళు స్పాంజి మీద పడుతున్నాయి. "బావుందండీ," అన్నాడు.

ఆ ముక్క వీడియోలో లేదు. కమ్మ ముక్క మాత్రం కృష్ణా జిల్లా అంతా తిరిగింది. కాలేజీ స్నేహితులు 'కమ్మల మేడమ్' అని కొన్నాళ్ళు ఏడిపించారు. నెల తిరిగేసరికి అవనిగడ్డ నుంచి జాహిద్ వాళ్ళమ్మ సంబంధం మాట్లాడటానికి వచ్చింది. అబ్బాయికి గుడివాడలో మొబైల్ షాపుంది, వీడియోలు సరదాకే అని చెప్పింది. మహబూబ్‌కి నచ్చింది.

నిశ్చితార్థం అయ్యేదాకా పిల్లా పిల్లాడూ మాట్లాడుకోవడం ఆ ఇంట్లో లేదు. అర్షియా, జాహిద్ చాటుగా ఫోన్లో మాట్లాడుకున్నారు. అలాంటి ఒక ఫోన్లోనే అతను, చదువుకునే రోజుల్లో చల్లపల్లిలో ఒక సినిమా రిలీజు నాడు ఫ్లెక్సీ దగ్గర అభిమానులు కొట్టుకున్నారనీ, తాను విసిరిన రాయికి ఒకడి నుదురు పగిలిందనీ, కేసై కోర్టు దాకా వెళ్ళి రాజీ అయిందనీ చెప్పాడు. గొంతులో సాకు లేదు. "రాయి వేసింది నేనే. వేరేవాళ్ళ మీద చెప్పను. మా అమ్మ మీవాళ్ళకి చెప్పే ఉంటుంది," అన్నాడు.

వాళ్ళమ్మ చెప్పలేదు. నిశ్చితార్థానికి ముందు మహబూబ్ అవనిగడ్డ వెళ్ళి, ఆనవాయితీ ప్రకారం టీ కొట్ల దగ్గర కూర్చుని అబ్బాయి గురించి వాకబు చేస్తే ఎవరో చెప్పారు. ఆయన ఇంటికొచ్చి చెప్పులు విప్పకముందే తేల్చేశాడు. ఈ సంబంధం వద్దు, తప్పు చేసినందుకు కాదు, దాచినందుకు అన్నాడు.

నాకు తెలుసు అబ్బా, అతను దాచలేదు. ఆ ఒక్క మాట అర్షియా గొంతులోనే ఉండిపోయింది. ఎలా తెలుసంటే ఫోన్ల సంగతి చెప్పాలి. తండ్రి అప్పటికే ఒకసారి మోసపోయానని కుమిలిపోతున్నాడు. కూతురు కూడా దాచిందంటే తట్టుకోలేడనుకుంది. ఆ రాత్రి జాహిద్ ఫోన్ మోగింది. ఆమె తియ్యలేదు. తర్వాత అతనూ చెయ్యలేదు.

అప్పటినుంచీ శుక్రవారాలే మిగిలాయి. జలుబు చేసినప్పుడు ఆ గొంతు ఎలా మారుతుందో ఆమెకి తెలుసు. దసరా సినిమాలప్పుడు బొంగురుపోతే, అల్లం టీ పెట్టిచ్చేవాళ్ళు ఎవరైనా ఉన్నారో లేరో అనుకుంది. రంజాన్‌లో ఆ చేతి గడియారం పట్టీ వదులైతే, సరిగా తినడం లేదనుకుంది. ఆ వేళ్ళలో దేనికైనా ఉంగరం వచ్చిందేమోనని ప్రతివారం ముందు అదే చూసేది. రేపు గుడివాడ వెళ్ళి, ఆ గేటులోంచి ఒక్కసారి బయటికొచ్చి, ఎలా ఉందండీ అని ఆ గొంతు తనని అడిగితే విని తిరిగి రావాలనుకుంది. ఎల్లుండి గూడూరు వాళ్ళ ముందు కూర్చోవాలి. తర్వాత శుక్రవారాలు ఈ డాబా మీద ఉంటాయో లేదో.

వీడియో మొదలైంది.

జుట్టుకి రంగేసుకున్న కుర్రాడొకడు చొక్కా విప్పి తిప్పుతూ మూడుసార్లు చూస్తానన్నాడు. చేపల చెరువుల రైతు ఒకాయన, "ఆ కత్తెర సీను చూశాక, మా చొక్కాలు కుట్టే కాంతారావుని తల్చుకుంటే భయమేస్తోందండీ. కొలతలు తీసేటప్పుడు మెడ దగ్గరికే కదా వచ్చేది," అన్నాడు. మోపిదేవి నుంచి వచ్చిన ఒకావిడ, రక్తం కనబడ్డప్పుడల్లా మా ఆయన కళ్ళు మూసుకున్నారని చెప్పి, పక్కనే ఉన్న ఆయన్ని ముందుకి లాగింది. ఆయన కంట్లో నలక పడిందన్నాడు.

చివర్లో భార్య చేసింది సరైనదేనా అని గొంతు అడిగింది. దాంతో గేటు దగ్గర రెండు జట్లయ్యాయి. మొగుడొచ్చి తలుపు కొడితే తియ్యకుండా ఉండాల్సిందని ఒకాయన. తియ్యకుండా ఎలా ఉంటుందని మోపిదేవి ఆవిడ.

"లాకెట్టు మూత తీస్తే ఏముందండీ? వాడు పెళ్ళిచూపులకి వేసుకొచ్చిన చొక్కా బొత్తం. అంతా తెలిసే దాచుకుంది ఆ పిల్ల. నేను ఏడ్చేశాను," అందావిడ.

అర్షియా చేతిలో రాయి కిందపడింది. ఆమె వెతకలేదు.

తలుపు తీసింది. పంపించెయ్యలేదు. లాకెట్ తెరిచింది చివర్లో. అది తండ్రికి కనబడలేదంటే, ఆయన చివర చూడనే లేదు.

"వచ్చే శుక్రవారం కలుద్దాం," అంది గొంతు. చాలామంది అక్కడితో ఆపేస్తారు. అర్షియా ఆపదు. ఒక్కోసారి ఆ మాట తర్వాత అతని నవ్వో, దగ్గో, 'కట్ చెయ్యరా' అనడమో మిగిలిపోయి ఉంటుంది. ఈసారి తెర నల్లబడి, మళ్ళీ వెలిగింది. అదే గేటు. జనం లేరు. లోపలనుంచి సినిమా చప్పుడు ఇంకా వినబడుతోంది. మోడల్స్ సంచి చంకలో పెట్టుకుని ఒకాయన ఒక్కడే బయటికొస్తున్నాడు.

మహబూబ్.

మైకు ముందుకి వెళ్ళి, సగంలో ఆగి, మళ్ళీ కదిలింది. "సినిమా... ఎలా ఉందండీ?" అంది గొంతు. ఆ 'అండీ' దగ్గర అది సన్నబడింది.

మహబూబ్ మైకు పట్టుకున్నవాడి ముఖంలోకి చూశాడు. "నేను నగలు చూద్దామని వెళ్ళాను బాబూ. ఆ పిల్ల తండ్రి పాత్ర ఒకటి ఉంది. చూడలేక లేచి వచ్చేశాను."

"ఏం చేశాడండీ ఆయన?"

"అల్లుడి మీద పాత కేసుందని తెలిసింది. పిలిచి కూర్చోబెట్టి, నిజమేనా, ఎందుకు జరిగిందని అడగాలి. అడగలేదు. ఊరంతటినీ అడిగాడు, వాణ్ణొక్కణ్ణే అడగలేదు."

మైకు మెల్లగా కిందికి దిగింది. అక్కడితో వీడియో అయిపోయింది.

అర్షియా దాన్ని మళ్ళీ చూడలేదు. మోకాళ్ళ మీద తల ఆనించుకుని, సాబిరా అన్నానికి పిలిచేదాకా అలాగే కూర్చుంది.

జుమ్మా నమాజు నుంచి మహబూబ్ వచ్చాక ముగ్గురూ దస్తర్‌ఖాన్ గుడ్డ పరుచుకుని భోజనానికి కూర్చున్నారు. మామిడికాయ వేసిన చేపల పులుసు. సాబిరా వడ్డిస్తూ, ఆదివారం గూడూరు వాళ్ళకి ఇదే చేద్దామా, మటన్ చేద్దామా అని అడిగింది.

"వాళ్ళకి రావద్దని ఫోన్ చేశాను," అన్నాడు మహబూబ్.

సాబిరా గరిటె గిన్నెలోనే ఆగింది. కారణం అడిగితే, గూడూరు పిల్లవాడు మంచివాడే, వంక పెట్టడానికేమీ లేదన్నాడు. తర్వాత అన్నం కలుపుకుంటూ గుడివాడ సంగతి చెప్పాడు. వీడియో తీసే కుర్రాడి పేరు మార్కు. వాడి నుదుటి మీద పెద్ద గాటు. ఎలా తగిలిందని అడిగితే, మైకు పట్టుకున్నవాణ్ణి చూపించి నవ్వాడట. కేసు రాజీ అయిననాడు ఇద్దరూ ఒకే ఆటోలో ఇంటికెళ్ళారట. అప్పటినుంచీ కలిసే తిరుగుతున్నారట.

"నా ముక్క వీడియోలో వెయ్యాలా వద్దా అని మార్కు అడిగాడు. అందరూ ఆపేసే చోటు తర్వాత వెయ్యమన్నాను. చివరిదాకా చూసేవాళ్ళు చూస్తారని." కూతురి వైపు చూడకుండా ముల్లు తీశాడు. "శుక్రవారం శుక్రవారం డాబా మీద నుంచి ఆ గొంతు నాకూ వినబడుతుంది కదా."

అర్షియా చేతిలోని ముద్ద పళ్ళెంలో పెట్టేసింది. "అబ్బా, అతను దాచలేదు. నాకు అప్పుడే చెప్పాడు. నేనే మీకు..."

"పొద్దున చెప్పావుగా."

"మరి చివర్లో పంపించేస్తుందని ఎందుకన్నారు?"

"చివర నేను చూడలేదమ్మా. నేను చేసిందేదో అదే చెప్పాను."

సాబిరా భర్త పళ్ళెంలో ఇంకో ముక్క వేసింది. తర్వాత కూతురి పళ్ళెంలోనూ వేసి, ఆ ఫోన్ల సంగతి తీరిగ్గా మాట్లాడతానంది. ఇంతకీ ఆదివారం ఏం చేద్దామని అడిగింది.

"గుడివాడ వెళ్తున్నాం. ముగ్గురం. మ్యాట్నీకి."

"ఆ రక్తమంతా నేనూ చూడాలా?"

"కళ్ళు మూసుకో. నేను చివర చూడాలి. ఆ లాకెట్టు ఎలా ఉందో కూడా చూడాలి." చెయ్యి కడుక్కోవడానికి లేచి, ఆయన గుమ్మం దగ్గర ఆగాడు. "నేను ఇన్నాళ్ళూ తప్పించుకున్నట్టు పక్క గేట్లోంచి వద్దు. ముందు గేట్లోంచే బయటికొద్దాం. ఆదివారం కూడా మైకు పట్టుకుని అక్కడే ఉంటాడట. నేనడగాల్సింది నేనడుగుతాను. సినిమా ఎలా ఉందని అతను అడిగితే మాత్రం నువ్వే చెప్పు."