తిరిగి వచ్చిన టైము

కార్డు గీకడం కూడా చేతకాని మనుషుల మధ్య పదకొండేళ్లు ఉద్యోగం చేశాను. మా అట్టపెట్టెల ఫ్యాక్టరీలో మూడొందల మంది పనిగంటలు లెక్క కట్టింది నేనే. పొద్దున రాగానే ఒకసారి, భోజనానికి వెళ్లేటప్పుడు, తిరిగి వచ్చినప్పుడు, సాయంత్రం ఇంటికి పోయేటప్పుడు గోడ మీది మెషీన్లో కార్డు గీకాలి. రోజుకి నాలుగంటే నాలుగుసార్లు. అది కూడా గుర్తుండదు మహానుభావులకి. తిండి వేళ మాత్రం ఒక్కడూ మర్చిపోడు.

అందుకే నాదంటూ ఒక పద్ధతి పెట్టుకున్నాను. ఎంతసేపు తిన్నా, అసలు తినకపోయినా, భోజనం కింద అరగంట కోసేసేవాణ్ణి.

దాని మీద నన్ను నిలదీసింది ఒక్క పెద్దమ్మే. ప్యాకింగ్ సెక్షన్లో ఆవిడని అందరూ అలాగే పిలిచేవారు. చేతులనిండా జిగురు, చంకలో స్టీలు టిఫిన్ డబ్బా.

"పది నిమిషాల్లో నాలుగు ముద్దలు మింగి వచ్చేస్తున్నాను కదా బాబూ. అరగంట ఎందుకు కోస్తున్నావు?"

"నిన్నెవరు పరిగెత్తమన్నారు? అరగంటా కూర్చుని తిను," అన్నాను తల ఎత్తకుండా.

"సరేలే. రేపట్నుంచి అలాగే కూర్చుంటాను."

మర్నాడు ఒంటిగంటకి కార్డు గీకి, నా గది పక్కనున్న భోజనాల గదికి వచ్చింది. డబ్బా మూత తీయకముందే గుండె ఆగిపోయింది. ఏడ్చేవాళ్లు ఏడ్చారు. నాకేమో విసుగు పుట్టింది. పోతూ పోతూ కూడా లెక్క సరిగ్గా పెట్టి పోలేదు మనిషి.

నెలాఖరు ఆదివారం. ఫ్యాక్టరీకి సెలవు. గేటు దగ్గర కాపలా తాత, మేడ మీద నేను. సాయంత్రంలోగా జీతాల జాబితా పంపకపోతే నా కుర్చీ ఇంకొకడికి ఇస్తానని మేనేజరు చెప్పేశాడు. ఆయనకి కూడికలు రావు గాని బెదిరింపులు బాగా వచ్చు. తిండి కూడా మానేసి కూర్చున్నాను. అంతా పూర్తయ్యాక పెద్దమ్మ వరస దగ్గర కంప్యూటరు మొరాయించింది. భోజనానికి వెళ్లిన టైము ఒంటిగంట. తిరిగి వచ్చిన టైము ఖాళీ. అది నింపితే గాని జాబితా కదలదు.

మేనేజరుకి ఫోన్ చేసి అడగొచ్చు. సెలవు రోజున ఆయన్ని బతిమాలడమా, నేనా? 'ఒకటిన్నర' అని కొట్టేశాను.

కింద కార్డు గీకే మెషీన్ బీప్‌మంది.

గోడ గడియారం చూశాను. సరిగ్గా ఒకటిన్నర.

కరెంటు పోయి వచ్చిందేమో అనుకున్నాను. ఇంతలో ప్యాకింగ్ సెక్షన్లోంచి టేపు లాగుతున్న శబ్దం. ఒక పెట్టె... ఇంకో పెట్టె. వేడి జిగురు వాసన మెట్లెక్కి నా గదిలోకి వచ్చింది.

గేటుకి ఫోన్ చేశాను. "తాతా, లోపలికి ఎవర్ని వదిలావు?"

"ఎవర్నీ వదల్లేదు బాబూ. తాళం నా దగ్గరే ఉంది." అతని గొంతు తగ్గింది. "మరి ఆ పెట్టెలు కడుతున్నదెవరు?"

భయం వేసింది, అబద్ధమెందుకు. గబగబా ఒకటిన్నర చెరిపేశాను.

టేపు శబ్దం ఆగిపోయింది. హమ్మయ్య అనుకునేలోపు...

పక్కగదిలో కుర్చీ జరిగింది. స్టీలు మూత ఊడింది. నెమ్మదిగా నమలడం... ఏ తొందరా లేదు. పారిపోదామంటే మెట్లు ఆ గది ముందునుంచే. బిగుసుకుపోయి కూర్చున్నాను. ఒకటీ నలభై. ఒకటీ యాభై. రెండు. నమలడం ఆగింది.

జిగురు వాసన నా వెనక్కి వచ్చి నిలబడింది.

"అరగంట అయింది బాబూ," అంది చెవి దగ్గర. "నువ్వింకా తిననేలేదు. కూర్చో..."

ఎలా లేచానో, మెట్లు ఎలా దిగానో తెలియదు. తాత పక్కనుంచే పరిగెత్తాను. అతను నా వైపు చూడను కూడా లేదు.

సోమవారం నా కుర్చీలో కొత్త గుమాస్తా ఉన్నాడు. అతని భుజం మీదుగా నా వరస చూశాను. ఆదివారం, భోజనానికి వెళ్లిన టైము: రెండు గంటలు. నేను కార్డు గీకలేదు. తిరిగి వచ్చిన టైము ఖాళీ.

"అది కాస్త నింపు బాబూ," అన్నాను.

తల ఎత్తలేదు. రోజూ వెళ్లి అడుగుతున్నాను. ఎత్తడు. కొత్తగా వచ్చినవాడికి ఇంత పొగరేమిటో! నిలబడీ నిలబడీ విసిగిపోయాను. పైగా నా చంకలోకి ఈ స్టీలు డబ్బా ఎప్పుడు వచ్చిందో, మూత ఎంత లాగినా ఎందుకు రావడం లేదో తెలియడం లేదు.