లైన్లో నీలం చెప్పు

మెక్సికో సరిహద్దు ఊళ్లో, శరణు దరఖాస్తుల ఆఫీసు ముందు, లైన్లో చెప్పు వదిలి వెళ్తే మనిషి నిలబడినట్టే. నీళ్లకో నీడకో పోయినవాళ్ల చోటు ఆ చెప్పే కాస్తుంది. దాన్ని ఎవరూ కదపరు.

ఆ రోజు నేను కదిపాను.

వారం వారం వచ్చి సంతకం పెట్టాలి. ఒక్క వారం తప్పినా కేసు మూసేసి, నన్నూ నా కూతురు దియెనీజ్‌నీ తిరిగి హైతీకి తోలేస్తారు. జ్వరంతో కాలిపోతున్న పిల్లని చంకనేసుకుని వచ్చేసరికి ఎండ నడినెత్తికెక్కింది. కిటికీ మూసే వేళవుతోంది. లైను మధ్యలో ఒక మనిషి పట్టేంత ఖాళీ, అందులో నీలం హవాయి చెప్పు ఒక్కటి. కాలితో పక్కకి నెట్టి నిలబడ్డాను.

"తియ్యకమ్మాయ్," వెనకున్న హోండురాస్ ఆవిడ గొణిగింది.

"ఏం, మీ అత్తగారు పెట్టి వెళ్లిందా?"

"పోయిన వారం ఎండకి ఇక్కడే పడిపోయి చచ్చిపోయింది. మీ దేశపు మనిషే. ఆమె చోటు వదిలేసి నిలబడుతున్నాం."

"చచ్చినవాళ్లకి కేసేమిటి?" అన్నాను. పాడు నోరు.

ఆవిడ రెండడుగులు వెనక్కి జరిగింది.

లైను కదిలింది. నన్ను ఆనుకుని ఎవరో నడుస్తున్నారు. ఒక కాలికి చెప్పు టప్‌మంటోంది... రెండో కాలికి చప్పుడు లేదు. మెడ మీద చల్లటి ఊపిరి... తడి మట్టి వాసన. తిరిగి చూడాలంటే భయమేసింది.

దియెనీజ్ నా భుజం మీంచి వెనక్కి చూస్తూ ఏడుపు ఆపేసింది.

"ఎవరే?" గుసగుసగా అడిగాను.

"నా నుదురు నిమురుతోంది."

పిల్ల ఒళ్లు ముట్టుకున్నాను. చల్లగా ఉంది.

కిటికీలో ఆఫీసరమ్మ నా వెనక్కి చూసి, విసుగ్గా ఏదో టైపు చేసింది. "ముగ్గురినీ ఒకే కేసులో కలిపాను. ఇకమీదట ముగ్గురూ కలిసే రావాలి. ఒక్కరు తగ్గినా కేసు మూసేస్తాం."

"మేం ఇద్దరమే, మేడమ్..."

"తర్వాతెవరు?"

తిరిగి చూశాను. నన్ను ఆనుకుని ఎవరూ లేరు; రెండడుగుల దూరంలో హోండురాస్ ఆవిడే. నీలం చెప్పూ లేదు.

సాయంత్రం గదిలో చాప పరిస్తే, దియెనీజ్ గోడవైపుకి జరిగి పడుకుంది. మా మధ్య ఒక మనిషి పట్టేంత చోటు.

"ఇటు రావే."

"మెల్లిగా అమ్మా... ఇప్పుడే పడుకుంది."

గుమ్మం దగ్గర మా చెప్పుల పక్కన నీలం జత ఉంది. పొమ్మని అరవబోయాను. కానీ ఆమె పోతే, వచ్చే వారం కిటికీ దగ్గర ఇద్దరమే ఉంటాం.

నోరు మూసుకుని, దుప్పటి ఆ ఖాళీ మీదకి కూడా లాగాను. దుప్పటి చదునుగా పడలేదు.