గడపకి అడ్డంగా తాత

పొయ్యి మీద టీ మరిగింది. గది గడపకి అడ్డంగా పరుచుకున్న చాప మీద పడుకున్న తవిటయ్య, లేవకుండానే గ్లాసు అందుకుని, మూసి ఉన్న తలుపు వైపు తిరిగాడు.

"గుంటా! నా కుర్రతనంలో ఓ సొరసేప పడవ కాడికొచ్చి బీడీ అడిగింది. అగ్గిపెట్టె తడిసిపోనాదన్నాను. కోపమొచ్చి లైట్‌హౌసు దీపం మింగీసింది. అప్పుట్నించీ వైజాగు ఓడలన్నీ దాని పొట్ట ఎలుగు సూసుకునే రేవులోకొత్తన్నాయి."

జాలరిపేటలో తవిటయ్య మాట నమ్మేవాడు లేడు, విననివాడూ లేడు. ఇదివరకైతే మనవరాలు రోజారమణి కడుపు పట్టుకుని నవ్వేది. ఇవాళ లోపలినుంచి ఉలుకూ పలుకూ లేదు.

ఇరవై రెండేళ్ళ పిల్ల. స్టీల్‌ప్లాంటులో పనిచేసే గోపాలపట్నం కుర్రాడు సాయిశంకర్‌ని రిజిస్ట్రారాఫీసులో పెళ్ళాడింది. అమ్మకి బాగోలేదని కబురంపి రప్పించి, తండ్రి దుర్గారావు ఆ గదిలో పెట్టేశాడు. తాళం మాత్రం వెయ్యలేదు.

"తాళమేత్తే పేటంతా నవ్వుతాది. అయ్యా, నువ్వు అడ్డంగా తొంగుంటే సాలు" అన్నాడు తన తండ్రి తవిటయ్యతో.

పడుకున్న పెద్దవాళ్ళని దాటకూడదని ఆ ఇంట్లో పాకే పిల్లకి కూడా తెలుసు. చిన్నప్పుడు రోజా పొరపాటున కాళ్ళు దాటితే, "ఎనక్కి దాటవే, నేకపోతే నాను రొయ్యంత అయిపోతాను" అని తాత గోలపెట్టేవాడు. అది మళ్ళీ వెనక్కి దాటి, తాత పొడుగు తగ్గిందేమోనని జానతో కొలిచి చూసేది.

అలాంటి పిల్లకి కాపలా ఎందుకు ఒప్పుకున్నాడంటే, తన కథలకి అందేంత దూరంలో ఉంటుందని మురిశాడు, సిగ్గులేని ముసలాడు.

టీ చల్లారకముందే వాకిట్లో జీపు ఆగింది. కొత్తగా బదిలీ మీద వచ్చిన ఎస్సై సన్యాసిరాజు దిగాడు.

"మీ అల్లుడు హైకోర్టులో హెబియస్ కార్పస్ వేశాడయ్యా. భార్యని మీరు బంధించారంట. పిల్లని కోర్టులో నిలబెట్టమని ఆర్డరు. ఎక్కడుంది?"

"ఎలమంచిలి, మా అక్క కాడికెల్నాది సారూ" అన్నాడు దుర్గారావు. "కావలిస్తే మా అయ్యనడగండి."

తలుపు వెనక గాజులు సన్నగా కదిలి ఆగాయి. అది తవిటయ్య చెవికి మాత్రమే అందింది. కొడుకు కళ్ళెర్రజేశాడు.

"అవును బాబూ. నానే రైలెక్కించినాను. కిటికీ కాడ కూకున్నాది. జంతికల పొట్లం కూడా సేతిలో ఎట్టినాను."

ఎస్సై టోపీ సర్దుకున్నాడు. "పాపం, ఈ వయసులో ఆయనెందుకు అబద్ధమాడతాడులే" అంటూ వెనుదిరిగాడు.

పుట్టి బుద్ధెరిగాక మొదటిసారి తవిటయ్య చెప్పిన కథని ఒక మనిషి నమ్మాడు. నోట్లో టీ విషమైపోయింది.

తలుపు తెరుచుకుంది. రోజారమణి కిందికి, తాత మొహంలోకి చూసింది. కుచ్చిళ్ళు ఎత్తిపట్టి, ఆయన గుండెల మీదుగా కాలు వేసి ఇవతలికి దాటింది.

"సారూ, నానే రోజారమణిని. తాత నిజం సెప్తాడని ఇంతసేపూ అరవనేదు. కోర్టుకి తీసుకెల్లండి. మా ఆయన కాడికెల్తానని అక్కడే సెప్తాను."

"ముసలోణ్ణి దాటొచ్చీసినావేటే! సచ్చిపోనాడనుకున్నావా?" దుర్గారావు కూతురి మీదికి ఉరికాడు. ఎస్సై చెయ్యి అడ్డం పెట్టాడు.

ఆ మాటకి రోజారమణి ఆగింది. చిన్ననాటి అలవాటు లాగినట్టు, ఒక పాదం చాప వైపు వెనక్కి పడింది.

తవిటయ్య లేవలేదు. కన్నీళ్ళు చెవుల్లోకి జారుతున్నాయి.

"ఎనక్కి దాటకు గుంటా" అన్నాడు. "నాను రొయ్యంత అయిపోనాను. నువ్వెల్లిపో."