చెయ్యి అందే ఎత్తు

రోజూ టీ గ్లాసు కింద పెట్టగానే మెడలో టేపు వేసుకుని కుట్టు కొట్టుకు బయలుదేరే మనిషి, ఆ ఉదయం వీధి గుమ్మం దగ్గర పీట వేసుకుని కూర్చున్నాడు. ఒళ్ళో చిన్న అట్టపెట్టె. అందులో వైర్లు లేని కాలింగ్ బెల్.

వంటింట్లోంచి వచ్చిన ఆయన భార్య అది చూసి అక్కడే ఆగిపోయింది. కూతురు వస్తానన్న రోజు అది.

నచ్చినవాణ్ణే చేసుకుంటానని కూతురు పట్టుబట్టిన రోజున, "అయితే మళ్ళీ ఈ గడప తొక్కకు" అన్నాడు ఆయన. కూతురు తొక్కలేదు. తండ్రీకూతుళ్ళది ఒకే తానులో కత్తిరించిన మొండితనం. మధ్యలో నలిగింది తల్లి. పార్కు బెంచీ మీదో బస్టాపులోనో మనవరాలిని చూసుకుని, ఏమీ ఎరగనట్టు ఇంటికి వచ్చేది. ఇప్పుడు అల్లుడికి దూరపు ఊరికి బదిలీ అయింది. రేపే ప్రయాణం. వెళ్ళేలోగా పిల్ల ఒక్కసారైనా అమ్మమ్మ ఇల్లు చూడాలని, ఆయన కొట్లో ఉండే వేళకు తల్లే రమ్మని చెప్పింది. గుమ్మం దాకా వస్తాను గానీ లోపలికి రానంది కూతురు.

బడి యూనిఫారాలు కుప్పపడి ఉన్నాయన్నారు కదా అని ఆమె మెల్లగా గుర్తుచేసింది. ఉంటే ఉన్నాయి, కాళ్ళొచ్చి పారిపోవు అన్నాడు. ఇకమీద కొంత పని ఇంట్లోనే కుట్టుకుంటాననీ, మిషను చప్పుడులో తలుపు కొట్టినా వినపడదు కాబట్టే ఈ గంట అనీ చెప్పాడు. ఆమె గడియారం వైపు చూసింది.

మోగే డబ్బాను కుట్టుమిషను పక్కన ప్లగ్గులో పెట్టాడు. బయట ద్వారబంధం మీద చొక్కా అంచుతో దుమ్ము తుడిచి, సుద్దతో గీత గీసి, నొక్కే బిళ్ళను అంటించి, అరచేత్తో అదిమి పట్టుకున్నాడు. ఒక కన్ను వీధి మలుపు మీదే ఉంచి, రెండో కంటితో చూసింది ఆమె. బిళ్ళ ఆమె నడుము దగ్గరకే ఉంది.

"ఇంత కిందా? మనింటికి వచ్చేది మనుషులా, మేకపిల్లలా?"

"బతుకంతా కొలతలు తీసినవాడికి నువ్వు నేర్పకు," అన్నాడు తలెత్తకుండా. "అయినా ఏంటి, పొద్దుటినుంచి వీధిలోకి తొంగి తొంగి చూస్తున్నావు? ఎవరైనా వస్తున్నారా?"

అంతవరకూ బిగపట్టుకున్నదంతా ఆమె నోట్లోంచి వచ్చేసింది.

"ఎవరొస్తారండీ ఈ ఇంటికి? రావలసినదాన్ని రావద్దన్నారు. ఇక గంట ఉంటే ఏం, లేకపోతే ఏం? గాలి వచ్చి మోగిస్తుందా?"

ఆయన పీట మీద నుంచి లేచాడు. సుద్దముక్క జేబులో వేసుకుని, మోగుతుందో లేదో చూద్దాం, బయటికి వెళ్ళి నొక్కమన్నాడు.

కళ్ళు తుడుచుకుంటూ వెళ్ళి, వంగి నొక్కింది. లోపల పిట్ట కూసినట్టు గంట మోగింది. కానీ ఆమె లేవలేదు. అలా వంగిన ఎత్తులోనే, పార్కులో పరుగెత్తుకొచ్చి తన నడుము చుట్టేసే ఒక చిన్న ముఖం గుర్తొచ్చింది.

ఆయన గుమ్మంలోకి వచ్చి నిలబడ్డాడు.

"ఇది ఎవరి ఎత్తండీ?"

ఆయన మెడలో టేపును కాసేపు చుట్టాడు, విప్పాడు. "మొన్న కొలతలకి బడికి వెళ్ళాను కదా. పిల్లలు వరసగా వస్తున్నారు. ఒక పిల్ల, టేపు మెడకి తగిలీ తగలకముందే భుజాలు చెవులదాకా ఎగరేసి కిలకిలా నవ్వింది."

ఆమె నోటికి చెంగు అడ్డం పెట్టుకుంది. చిన్నప్పుడు గౌనుకు కొలత తీసిన ప్రతిసారీ కూతురు అలాగే నవ్వేది.

"ఎవరి పిల్లవని అడగలేదు. అడగాలా ఏంటి? చెయ్యి కొలత మాత్రం మళ్ళీ మళ్ళీ తీశాను."

"మరి ఇవాళ వస్తుందని..."

"కుళాయి తిప్పి ఫోన్లో మాట్లాడితే నాకు వినపడదనుకున్నావు. ట్యాంకు ఖాళీ అయింది గానీ నీ గుట్టు దాగలేదు."

ఏడుపులోనే ఆమెకు నవ్వొచ్చింది. ఒక్క ఫోను మీరే చేసి పిలవొచ్చు కదా అంది.

"పొమ్మన్న నోటితో రమ్మనడం చేతకాలేదే నాకు."

మలుపులో ఆటో ఆగింది. ఇద్దరూ దొంగల్లా లోపలికి వచ్చి తలుపు మూశారు. ఆయన మిషను ముందు కూర్చున్నాడు గానీ కాలు కదపలేదు. పిట్ట కూసింది. ఆమె లేవబోతే చెయ్యి పట్టుకున్నాడు.

"ఉండు. ఇంకోసారి కొట్టనీ."

పిల్ల ఇంకోసారేమిటి, ఆపకుండా కొట్టింది. అప్పుడు ఆయనే వెళ్ళి తలుపు తీశాడు.

"అమ్మా, కొలతల తాత!" అంది పిల్ల, బిళ్ళ మీద నుంచి వేలు తీయకుండానే.

కూతురు గడప అవతల, రెక్క తెగిన పక్షిలా నిలబడింది. తండ్రిని చూసింది, పిల్ల వేలి కింది బిళ్ళను చూసింది. ఆ బిళ్ళ ఎంత ఎత్తులో ఉందో, ఎందుకుందో టైలరు కూతురికి ఒకరు చెప్పాలా? కళ్ళు నిండిపోయాయి.

"తొక్కొద్దన్నదీ నేనే," అన్నాడాయన. "తొక్కమంటున్నదీ నేనే. రా తల్లీ."

మర్నాడు వాళ్ళను బస్సెక్కించి వచ్చాక, విడిపోవడమంటేనే వణికిపోయే ఆమె ఎందుకో ఈసారి తేలికగా ఊపిరి తీసుకుంది. ఆయన చెప్పులు కూడా విప్పకుండా గుమ్మం దగ్గర వంగి, బిళ్ళకు రెండు వేళ్ళ మేర పైన సుద్దతో ఇంకో గీత గీస్తున్నాడు.

"మళ్ళీ అదెందుకండీ?"

"సెలవులకి వస్తామన్నారు కదా. అప్పటికి పిల్ల ఎదగదూ?"