పేరు పెట్టి పిలిచే షెడ్డు

కేసముద్రంలో స్టేషన్‌కూ మార్కెట్‌ యార్డుకూ మధ్య ఒక పాత గోదాము ఉంది. రేకుల షెడ్లు మూడు. మొదటి రెండింటి ఊసు ఎవరూ ఎత్తరు. మూడోదాంట్లో మాత్రం ఆ రోజుల్లో పొద్దు గూకాక ఏ హమాలీ మూట ఎత్తేవాడు కాదు. ఎత్తితే... వెనక నుంచి ఎవరో పేరు పెట్టి పిలుస్తారనేవారు.

ఎవరు పిలుస్తారో ఎవరూ చెప్పేవారు కాదు. తిరిగి చూసినవాడు చెప్పడానికి మిగలాలి కదా.

విన్నది విన్నట్టే చెబుతాను. ఒక్క ముక్క మాత్రం ఆఖరికి దాచిపెట్టుకున్నాను. అది ముందే చెబితే మీరు నా మొహం చూడరు.

మొదట సురేందర్ సార్ సంగతి. అక్కడి హైస్కూల్లో లెక్కల సార్. ఇరవై ఏళ్లు హాజరు పిలిచీ పిలిచీ, ఊళ్లో ఎవరినైనా సరే నడిరోడ్డు మీద పేరు పెట్టి పిలిచే హక్కు తనకు ఉందనుకునే మనిషి. హమాలీల్లో సగంమంది ఆయన దగ్గర చదివి పది తప్పినవాళ్లే.

తెలంగాణ ఉద్యమం రాజుకున్నాక హైదరాబాద్ నుంచి గుంపులు గుంపులుగా మద్దతుకు వచ్చేవారు. విద్యార్థులు, వకీళ్లు, పత్రికలవాళ్లు. నినాదాలిచ్చి, రోడ్డు మీద వంటావార్పులో ఇంత అన్నం తిని, సాయంత్రం రైలెక్కేవారు. సార్‌కి అది నచ్చేది కాదు.

"గిట్ల ఫొటోలు దిగి పోతె ఏం తెలుస్తది? నాతోటి నడువుండ్రి. ఎవలు ఏం పని చేసి బతుకుతున్నరో చూడుండ్రి" అనేవాడు.

అలా మొదలైంది ఆ నడక. ఆదివారం వస్తే చాలు, సార్ ముందు, పట్నంవాళ్లు వెనక. స్టేషన్ దగ్గర గూడ్సు దించేవాళ్లు, టీ హోటలు, చాటలతో మక్కజొన్నలు చెరిగే ఆడవాళ్లు, కాంటా పెట్టే దడువాయిలు, లారీలకు బస్తాలు మోసే హమాలీలు... రెండు గంటలు ఊపిరి సలపనిచ్చేవాడు కాదు. ఎదురైన ప్రతి మనిషినీ ఆపి, పేరు చెప్పి, తండ్రి పేరు కూడా చెప్పేవాడు. పేరు తెలియకుండా మనిషిని చూడటం మేకను చూసినట్టేనని ఆయన వాదన.

నడకలో చివరి మజిలీ మూడో షెడ్డు. అక్కడ గుంపును నిలబెట్టి, గొంతు తగ్గించి, దెయ్యం కథ చెప్పేవాడు. బాగా చెప్పేవాడని ఒప్పుకోవాలి.

ఆ కథ ఇది.

రెండు వేల పది, ఫిబ్రవరి. రెడ్యా అని ఒక హమాలీ, పక్క తండావాడు, ఇరవై ఎనిమిదేళ్లు. మూడో షెడ్డులో బస్తాలు ఒకదాని మీద ఒకటి పేర్చి నెట్టు కడుతున్నారు. పై వరుసకు చేరడానికి నెట్టుకు ఒక పొడుగాటి బల్ల వాల్చారు. రెడ్యా వీపు మీద క్వింటాలు మక్కల బస్తాతో ఆ బల్ల ఎక్కుతున్నాడు. చివరి రెండడుగులు ఉన్నాయి...

వెనక నుంచి ఎవరో పిలిచారు.

రెడ్యా తల తిప్పాడు. తల తిరిగితే మూట తిరుగుతుంది. మూట తిరిగాక మనిషి చేతుల్లో ఏమీ ఉండదు. కింద నేల మీద పడ్డాడు, మెడ మీద బస్తా పడింది. దవాఖానకు తీసుకుపోయే పని కూడా లేకపోయింది.

హమాలీలకు ఒక కట్టుబాటు ఉంది. మూట మీద ఉన్నవాణ్ణి పేరు పెట్టి పిలవకూడదు. పని ఉంటే ఎదురుగా వచ్చి, వాడికి కనబడి, మూట కింద చెయ్యి వేసి అప్పుడు మాట్లాడాలి. అంతేకాదు, మూట మీద ఉన్నవాడు ఎవరు పిలిచినా తిరగకూడదు. కొత్తగా పనిలో చేరినవాడికి మేస్త్రీ నేర్పే మొదటి పాఠం అదే.

అందుకే రెడ్యా తిరగడం ఎవరికీ అర్థం కాలేదు. మేస్త్రీ ఆగయ్యకు పిలుపైతే వినబడింది గాని, బయట లారీ ఇంజను చప్పుడులో గొంతు ఎవరిదో పోల్చుకోలేకపోయాడు. ఆ రోజు సార్ నడక గుంపు కూడా అక్కడే ఉంది. పట్నంవాళ్లు చాలామంది ఇంకా బయట లారీ దగ్గరే ఉన్నారు, వాళ్లకు రెడ్యా పేరే తెలియదు. సార్‌ని అడిగితే తనకేమీ వినబడలేదన్నాడు. గుంపులో ఒక కెమెరా అమ్మాయి ఉందట, ఆమె అయితే ఏడుస్తూ వెళ్లి రైలెక్కేసింది.

"ఎనిమిదేండ్ల సంది మోస్తున్నడు. మనిషి పిలిస్తె తిరగడు" అన్నాడు ఆగయ్య. "గది మనిషి పిలుపు కాదు."

అలా ఆ షెడ్డుకు దెయ్యం పట్టింది.

ఇంతవరకే అయితే పోనీ అనుకోవచ్చు. కాని తండాలో రెడ్యా తల్లి మోతీ ఇంకో మాట అంది. మనిషి పిలిస్తే తిరగనివాడు పెళ్లాం పిలిస్తే తిరగడా? రెడ్యా భార్య లాలి అదే షెడ్డులో, యాభై అడుగుల దూరంలో చాటకూలీ చేస్తోంది ఆ రోజు. కొడుకును పిలిచి చంపింది అదేనంది. లాలి కురవి వీరన్న గుడికి పోయి, తడిబట్టలతో ప్రమాణం చేసి వచ్చింది. మోతీ నమ్మలేదు. మూడేళ్ల మనుమరాలిని తన దగ్గర పెట్టుకుని, లాలిని గుమ్మం తొక్కనివ్వలేదు. ఆ తర్వాత చాటకూలీలు కూడా ఆమె పక్కన కూర్చోవడం మానేశారు. లాలి స్టేషన్ వెనక ఒక పాకలో ఒంటరిగా ఉండేది.

సార్ తన కథలో ఈ ముక్క చెప్పేవాడు కాదు. పట్నంవాళ్లకు దెయ్యం చాలు అనుకున్నాడేమో.

సరే... రెండు వేల పదకొండు, అక్టోబరు. సకల జనుల సమ్మె. బడులు బంద్, బస్సులు బంద్, ఆఫీసులు బంద్. భూపాలపల్లిలో బొగ్గు బాయిల్లోకి ఎవరూ దిగడం లేదు. కరెంటు రోజుకు ఎన్ని గంటలు పోతుందో ఎవరూ అడగడం మానేశారు. గోదాములో మోత లేదు, లారీ లేదు.

ఒక ఆదివారం సాయంత్రం పట్నం నుంచి ఏడుగురు వచ్చారు. పనే లేని ఊళ్లో పని చూపించే నడకేమిటని ఆగయ్య నవ్వాడు. సార్ వినలేదు. ఖాళీ చేతులు కూడా చూడాలన్నాడు. వచ్చినవాళ్లలో ఆ కెమెరా అమ్మాయి మళ్లీ ఉంది. సార్ ఆమెను చూశాడు గాని పలకరించలేదు.

మూడో షెడ్డు చేరేసరికి ఏడు గంటలు. చీకటి పడింది. సార్ చేతిలో టార్చి ఒక్కటే వెలుగు. ఆగయ్య గుమ్మం దగ్గరే ఆగిపోయాడు.

"నేను గీడనే ఉంట సారూ. మీరు జల్ది చెప్పి రాండ్రి."

సార్ కథ ఎత్తుకున్నాడు. బస్తా, బల్ల, చివరి రెండడుగులు... గుంపులో ఒక వకీలు మెల్లగా అడిగాడు.

"ఏమని పిలిచింది?"

అప్పుడే... టక్.

బల్ల చప్పుడు. ఎవరో దాని మీద కాలు పెట్టారు.

టక్... టక్...

సార్ టార్చి అటు తిప్పాడు. బల్ల మీద ఒక మనిషి... వీపు మీద మూట. తల మీంచి గోనెపట్టా కప్పుకుని ఉంది. మొహం నెట్టు వైపు. మెల్లగా నాలుగడుగులు ఎక్కి ఆగింది.

ఆగి, అలాగే నిలబడింది.

"పేరు తియ్యకుండ్రి... ఎవలి పేరు తియ్యకుండ్రి" అని గుమ్మంలోంచి ఆగయ్య గొణిగాడు.

ఎవరూ కదల్లేదు. రేకుల మీద గబ్బిలం తిరిగిన చప్పుడు వినబడింది. ఒకామె పక్కనున్నవాడి చెయ్యి గట్టిగా పట్టుకుంది. ఆ మూట కింద నుంచి సన్నగా ఒక గొంతు...

"పిలువు."

మళ్లీ...

"ఎవలు నువ్వు? నన్ను గూడ పిలువు..."

పట్నంవాళ్లలో ఇద్దరు బయటికి పరుగెత్తారు. సార్ మాత్రం నోరు తెరిచి, గభాల్న మూసుకున్నాడు. ఆ గొంతు ఆయనకు తెలుసు. పేరు నాలుక చివరిదాకా వచ్చేసింది. ఇరవై ఏళ్ల అలవాటు. ఆ పేరు పలికితే ఆమె తిరుగుతుంది.

టార్చి నేల మీద పెట్టాడు. బల్ల పక్కనుంచి చుట్టూ తిరిగి ముందుకు వెళ్లాడు. ఆమెకు కనబడేలా నిలబడ్డాడు. రెండు చేతులూ పైకి చాచి మూట కింద వేశాడు. అప్పుడు మాట్లాడాడు.

"దించు బిడ్డా."

గోనెపట్టా కింద లాలి మొహం.

"సారూ... మీరా? జర పక్కకు జరుగుండ్రి. అది పిలిచే యాళ్లయింది."

"ఏది పిలుస్తది?"

"రెడ్యాను పిలిచింది." ఆమె ఆయాసపడుతోంది. "దినాం వస్తున్న సారూ. పొట్టు నింపుకున్న మూటల. మూట ఉంటెనే గద అది పిలిచేది? ఒక్కపారి నన్ను పిలిస్తె గొంతు వింట. విని మా అత్తకు చెప్త. నేను కాదని చెప్త. నా బిడ్డను నాకు ఇస్తది."

ఏడాదిన్నరగా ఊరు భయపడుతున్న దెయ్యం ఇదీ. పొట్టు మూట ఎత్తుకుని, తనను కూడా చంపమని చీకట్లో దెయ్యాన్ని బతిమాలుకుంటున్న ఆడమనిషి.

సార్ మూట దించి నేల మీద పెట్టాడు. ఆమెను కూడా చెయ్యి పట్టి దించాడు.

"అది పిలువది లాలీ."

"ఎందుకు?"

"పిలిచింది నేను."

లాలికి అర్థం కాలేదు. ఆయన మళ్లీ చెప్పాడు.

"'రెడ్యా, జర ఇటు తిరుగు' అన్న. బడిల హాజరు పిలిచినట్టు పిలిచిన. ఆరు నుంచి పది దాక నా దగ్గరనే సదివిండు వాడు. మూట మీదున్న సంగతి మర్చి, 'ఆఁ సారూ' అని తిరిగిండు. నాకు భయమైంది బిడ్డా. దయ్యం అని ఆగయ్య అంటె... అననిచ్చిన. తర్వాత నేనే చెప్పుకుంట తిరిగిన."

లాలి తిట్టలేదు. ఏడవలేదు. ఒకే ఒక్క మాట అడిగింది.

"ఆఁ సారూ అన్నడా?"

"అన్నడు."

"నేను రెండుపార్లు పిలిచిన వాన్ని, పెండ్లయిన కొత్తల. మూట మీద ఉండంగ. తిరగలే." గోనెపట్టా తీసి భుజాన వేసుకుంది. "గిదే మాట తండాల చెప్పుండ్రి. గిప్పుడే."

అందరూ నడిచారు. టార్చి పట్టుకుని లాలి ముందు, వెనక సార్, ఆ వెనక ఆగయ్య, పట్నంవాళ్లు. తండాకు రెండు కిలోమీటర్ల దారి. సార్ నడిపించిన నడకల్లో అదే ఆఖరిది.

మోతీ ఇంటి ముందు నులక మంచంలో పిల్ల నిద్రపోతోంది. సార్ నిలబడే చెప్పాడు, ఒక్క ముక్క దాచకుండా చెప్పాడు. మోతీ విన్నది. విన్నాక అడిగింది.

"పనిల ఉన్నోన్ని ఊకెనే పిలువవు గద సారూ. పిలువుమన్నది ఎవలు?"

సార్ తల దించుకున్నాడు.

"ఎవలు లేరు. నేనే."

ముసలామె లేచి, నిద్రపోతున్న పిల్లను ఎత్తి, లాలి భుజాన వేసింది. లాలి అక్కడే, ఆ గుమ్మంలోనే కూలబడి ఏడ్చింది.

ఆ తర్వాత మూడో షెడ్డుకు దెయ్యం వదిలిందని కేసముద్రంలో అనుకున్నారట. సమ్మె అయిపోయాక అక్కడ రాత్రిపూట కూడా లారీలు నింపుతున్నారు. సార్ మాత్రం హాజరు పిలవడం మానేసి, పిల్లల్నే నంబర్లు చెప్పుకోమంటున్నాడని విన్నాను.

ఇక దాచిన ముక్క.

సార్ మోతీతో ఎవరూ లేరన్నాడే, అది అబద్ధం. ఆ ఫిబ్రవరి రోజు ఆయన పక్కన ఒకరు నిలబడి, "సార్, ఆయన మొహం కనబడట్లేదు. ఒక్కసారి ఇటు తిరగమనండి" అన్నారు. కెమెరా కంటికి ఆనించుకునే ఉన్నారు. తండాలో మోతీ అడిగినప్పుడు ఆ మనిషి వెనక వరుసలో, చీకట్లో, నోరు మూసుకుని నిలబడింది.

ఆ కెమెరా అమ్మాయిని నేనే. ఎవరో చెప్పగా విన్నాననడం కూడా అబద్ధమే.

ఫొటో నా దగ్గరే ఉంది. రెడ్యా పూర్తిగా ఇటు తిరిగి, నవ్వుతూ ఉన్నాడు. చాలా బాగా వచ్చింది. ఎవరికీ చూపించలేదు.

పోయిన వారం హైదరాబాద్‌లో, కరెంటు పోయిన వేళ, భుజాన కెమెరా సంచీతో మా మెట్లు ఎక్కుతున్నాను. ఆ మెట్ల మీద నన్ను అలా పిలిచేవాళ్లు ఎవరూ లేరు. వెనక నుంచి, మెల్లగా...

"శృతీ... జర ఇటు తిరుగు."

నేను తిరగలేదు. ఇంటికి వచ్చాక కూడా ఇంతవరకు వెనక్కి తిరగలేదు.